గోటితో పోయేది

ఈ కథ ఎలా ముగుస్తుందో ముందే చెప్పేస్తాను. చివరిదాకా దాచిపెట్టడానికి ఇందులో ఏమీ లేదు. 2023 సెప్టెంబర్ 5న ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్ నగర కౌన్సిల్ తన దగ్గర డబ్బు లేదని కాగితం మీద రాసుకుంది. అక్కడి చట్టం భాషలో దాన్ని సెక్షన్ 114 నోటీసు అంటారు. నిస్సహాయులను కాపాడే పనులూ, చట్టప్రకారం చేసి తీరాల్సిన పనులూ తప్ప, కొత్తగా ఇంకేదీ తలపెట్టబోమని దాని అర్థం. పదకొండు లక్షలు దాటిన జనం. యూరప్‌లోని అతి పెద్ద స్థానిక సంస్థల్లో ఒకటిగా పేరు. అంత ఊరూ చేతులెత్తేసింది.

ఎవరి బాకీ తీర్చలేక చేతులెత్తేసింది? వంటమ్మల బాకీ. బడిలో పిల్లలకు మధ్యాహ్నం భోజనం వడ్డించిన వాళ్ల బాకీ. తెల్లవారకముందే వచ్చి ఆఫీసు గదులు తుడిచి, దొరలు వచ్చేసరికి కనబడకుండా వెళ్లిపోయిన వాళ్ల బాకీ. మంచం దిగలేని ముసలివాళ్ల ఇళ్లకు పోయి, స్నానం చేయించి, తల దువ్వి, మందులు మింగించి వచ్చిన వాళ్ల బాకీ.

అది ఒక్కరోజున పడ్డ అప్పు కాదు. నెలకింత చొప్పున, ఒక్కొక్కరి జీతంలోంచి కాస్త కాస్తగా, ఏళ్ల తరబడి పేరుకున్నది. గోటితో పోయేదాన్ని గొడ్డలి దాకా తెచ్చుకోవడమని మన పెద్దలు అనేది ఇలాంటి సంగతినే. ఆ ఊరు గోటి దగ్గర ఎన్నిసార్లు ఆగగలిగి ఉండేదో, ఆగకుండా ఎలా నడిచిపోయిందో ఒక్కొక్కటే తలచుకోవడం తప్ప, ఇప్పుడు చేయగలిగింది లేదు.

*

కూలిన ఇంటి గురించి చెప్పేటప్పుడు, అది నిలబడ్డ రోజులనూ చెప్పుకోవాలి.

మన తెలుగువాళ్లలో చాలామందికి బర్మింగ్‌హామ్ అంటే బాలాజీ గుడి. ఆ గుడి నిజానికి పొరుగున ఉన్న టివిడేల్‌లో ఉంది కాని, పేరు మాత్రం పెద్ద ఊరిదే నిలిచింది. అంతకు చాలా ముందే ఆ ఊరికి వేరే పేరు ఒకటుండేది. మునిసిపాలిటీ అంటే ఏం చేయాలో ప్రపంచానికి చూపించిన ఊరని. 1873లో జోసెఫ్ చాంబర్లేన్ మేయర్ అయ్యాడు. గ్యాస్‌ను ప్రైవేటు కంపెనీల చేతుల్లోంచి ఊరి చేతిలోకి తెచ్చాడు. ఆ వెనకే నీళ్లనూ తెచ్చాడు. మురికివాడల మధ్యలోంచి వెడల్పాటి వీధి వేయించాడు. ఆ తరువాతి తరం ఇంకా దూరం చూసింది. వేల్స్ కొండల్లో ఆనకట్టలు కట్టి, 1904 నాటికి వంద కిలోమీటర్లకు పైగా కాలువలూ గొట్టాలూ వేసి, మంచినీళ్లను ఊళ్లోకి పారించుకుంది. ఇంత చక్కగా పాలన సాగే నగరం లోకంలో మరొకటి లేదని 1890లో ఒక అమెరికా పాత్రికేయుడు రాశాడు. ఆ నగరం తన ముద్ర మీద రాసుకున్న మాట ఒకే ఒక్కటి: ముందుకు.

అలాంటి ఊళ్లో కౌన్సిల్ ఉద్యోగం అంటే కడుపు చల్లని ఉద్యోగం. జీతం తక్కువైనా నెల తిరిగేసరికి వస్తుంది. ముసలితనంలో పింఛను ఉంటుంది. అందుకే తల్లి చేసిన వంటపనిలోకి కూతురు కూడా వచ్చి చేరేది. కౌన్సిల్ మనల్ని మోసం చేయదు అన్న నమ్మకం ఆ ఇళ్లల్లో గోడకు కొట్టిన మేకంత గట్టిగా ఉండేది. ఈ కథలో అన్నిటికన్నా ముందు పోయింది ఆ నమ్మకమే.

*

చిక్కు ఎక్కడుందంటే, చాలా చిన్నచోట ఉంది.

కౌన్సిల్ తన పనివాళ్లందరినీ గ్రేడులుగా విడగొట్టింది. చెత్తబండి వెంట పరుగెత్తే మనిషి, వీధులు ఊడ్చే మనిషి, శ్మశానంలో గోతులు తవ్వే మనిషి ఒక గ్రేడులో ఉంటే, అదే గ్రేడులో వంటమ్మా, గదులు తుడిచే ఆమే, ముసలివాళ్లను చూసుకునే ఆమే ఉండేవారు. ఆ పనులు సమానమే. కౌన్సిలే ఆ మాట తన పుస్తకంలో రాసుకుంది. అసలు జీతమూ సమానమే.

తేడా అంతా జీతం పక్కన చేరే బోనస్‌లో ఉంది. పని త్వరగా చేయిస్తామని ఏనాడో మగవాళ్ల పనులకు బోనస్ పెట్టారు. కొన్నాళ్లకు పని వేగంతో సంబంధం లేకుండా అది అలవాటుగా రావడం మొదలైంది. ఎవరూ ఆపలేదు. ఆడవాళ్ల పనులకు మాత్రం అది రాలేదు. బహుశా అలా లెక్కగట్టడం ఎవరికీ తోచి ఉండదు. ఎన్ని చెత్తడబ్బాలు ఎత్తారో లెక్కపెట్టవచ్చు. దిగులుపడ్డ ఓ ముసలమ్మ చేయి పట్టుకుని కూర్చున్న పావుగంటను ఏ పద్దులో రాస్తారు?

చట్టం లేక కాదు. 1968లో డాగెన్‌హామ్‌లో ఫోర్డ్ కార్ల సీట్లకు తొడుగులు కుట్టే స్త్రీలు మిషన్లు ఆపేసి బయటికి వచ్చారు. మంత్రి బార్బరా కాజిల్ వాళ్లను పిలిచి, టీ ఇచ్చి, కూర్చోబెట్టి మాట్లాడింది. 1970లో సమాన వేతన చట్టం వచ్చింది. వస్తూ వస్తూనే, సర్దుకోవడానికి యజమానులకు ఐదేళ్లు గడువు ఇచ్చింది. 1975 డిసెంబర్ చివర్లో గాని అమలు కాలేదు. న్యాయం పుట్టినరోజునే వాయిదా పడింది. ఇక్కడ నుంచి ఈ కథంతా వాయిదాల కథే.

*

మొదటి మలుపు 1997. బ్రిటన్‌లోని స్థానిక సంస్థలూ కార్మిక సంఘాలూ కూర్చుని ఒక జాతీయ ఒప్పందం మీద సంతకాలు చేశాయి. ఒళ్లు వంచి చేసే పనినీ, బల్ల దగ్గర కూర్చుని చేసే పనినీ ఒకే తూకంలో పెట్టి, జీతాలను కొత్తగా కట్టాలన్నది దాని సారం. ఆ పని అప్పుడే మొదలై ఉంటే! బోనస్‌లను మెల్లమెల్లగా అందరికీ పంచి ఉంటే, లేదా అసలు జీతంలో కలిపేసి ఉంటే! ఊరి దగ్గర అప్పుడు డబ్బుంది, సమయమూ ఉంది. కాని బర్మింగ్‌హామ్‌లో కొత్త జీతాల పద్ధతి 2008 ఏప్రిల్ దాకా రాలేదు. పదకొండేళ్లు. ఆ పదకొండేళ్లలో బడిలో భోజనం తిన్న పిల్లలు పెద్దవాళ్లయి పనుల్లో చేరారు. వడ్డించిన చేతులకు కీళ్ల నొప్పులు వచ్చాయి.

రెండో మలుపు 2010. నాలుగు వేల మందికి పైగా స్త్రీలు బర్మింగ్‌హామ్ ఉద్యోగ ట్రిబ్యునల్ ముందు నిలబడ్డారు. ఒకే గ్రేడులో, ఒకే సంవత్సరంలో, బోనస్‌లన్నీ కలిపి ఒక చెత్త కార్మికుడు 51 వేల పౌండ్లు ఇంటికి తీసుకుపోతే, ఆ గ్రేడులోని స్త్రీకి 12 వేలు కూడా దాటలేదన్న లెక్క అక్కడే బయటపడింది. ఆ స్త్రీలు గెలిచారు. విన్న క్షణాన కొందరు ఏడ్చి ఉంటారు. ఇన్నేళ్లూ పక్కనే పనిచేసిన మనిషికీ తనకూ మధ్య ఇంత అగాధం ఉందని అంకెల్లో చూడటం గెలుపేనా, అవమానమా, చెప్పడం కష్టం.

గెలిచినా, చట్టం వెనక్కి చూసేది ఆరేళ్లే. అంతకు ముందు పోయింది పోయినట్టే. ఇరవై ఏళ్లు వండినామెకూ ఆరేళ్లే, ముప్పై ఏళ్లు తుడిచినామెకూ ఆరేళ్లే.

ఆ స్త్రీల వెనక ఇంకో వరుస ఉంది. 2004కూ 2008కీ మధ్య ఉద్యోగం మానేసినవాళ్లు, 174 మంది, దాదాపు అందరూ స్త్రీలే. తమకు అన్యాయం జరిగిందన్న సంగతి వాళ్లకు ఆలస్యంగా తెలిసింది. ట్రిబ్యునల్ తలుపు తట్టాలంటే పని మానిన ఆరు నెలల్లోపే తట్టాలి. ఆ గడువు దాటిపోయింది కాబట్టి వాళ్లు మామూలు కోర్టుకు వెళ్లారు. అక్కడ ఆరేళ్ల గడువుంది. అప్పుడు కౌన్సిల్ ఏమందంటే, మీరు రావలసిన తలుపు ఇది కాదు, అదీ అంది. వాళ్లకు డబ్బు రావలసి ఉందా లేదా అన్నది పక్కన పెట్టి, వాళ్లు ఏ గుమ్మంలో నిలబడ్డారన్న మాట మీద హైకోర్టులో వాదించింది. ఓడిపోయింది. అప్పీలు కోర్టుకు వెళ్లింది. ఓడిపోయింది. సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2012 అక్టోబర్ 24న ముగ్గురు న్యాయమూర్తులు స్త్రీల వైపు, ఇద్దరు కౌన్సిల్ వైపు నిలిచారు. ఒక్క మనిషి తేడాతో ఆ గుమ్మం తెరుచుకుంది. దాని వెనక వేలమంది లోపలికి వచ్చారు.

నాకు ఎప్పుడూ గుండె కలుక్కుమనేది ఇక్కడే. మొదటి కోర్టు మెట్టు మీదే కౌన్సిల్ తరఫున ఎవరో ఒకరు వెనక్కి తిరిగి, "అమ్మా, మీకు రావలసినదెంత? కూర్చుని మాట్లాడుకుందాం రండి" అని ఉంటే. వాళ్లు పరాయివాళ్లు కారు కదా. ఆ లాయర్లలో ఏ ఒక్కరి తల్లినో చివరి రోజుల్లో చూసుకున్న చేతులు కూడా అందులో ఉండి ఉండవచ్చు.

సమాన పనికి సమాన వేతనం అన్న మాట మన చెవులకూ కొత్త కాదు. 1982లో ఢిల్లీ పోలీసు శాఖలో బండి నడిపే ఒక డ్రైవరు, తనలాగే బండి నడిపే ఇతర శాఖల డ్రైవర్ల కన్నా తనకు జీతం తక్కువ ఎందుకని మన సుప్రీంకోర్టును అడిగాడు. అది ప్రాథమిక హక్కుగా రాసి లేకపోయినా రాజ్యాంగం పెట్టుకున్న లక్ష్యమని తీర్పు రాసింది ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్లిన జస్టిస్ ఓ. చిన్నపరెడ్డి. తీర్పు రాయడం ఒక ఎత్తు, ఆ రాత జీతపు చీటీ దాకా నడిచి రావడం ఇంకో ఎత్తు. ఇక్కడా అంతే, అక్కడా అంతే.

*

2012 తీర్పు తరువాత బర్మింగ్‌హామ్‌కు బిల్లులు రావడం మొదలైంది. ఇల్లు గడవనప్పుడు ముందుగా గడప దాటేది ఒంటిమీద బంగారమే. బర్మింగ్‌హామ్ బంగారం నేషనల్ ఎగ్జిబిషన్ సెంటర్. 1976లో తెరిచి, దేశమంతటా పేరు తెచ్చిన ప్రదర్శనశాల. బాకీలు తీర్చేందుకు 2015లో దాన్ని 30.7 కోట్ల పౌండ్లకు అమ్మేశారు. మూడేళ్లకే, 2018లో, కొన్నవాళ్లు దాన్ని 80 కోట్ల పౌండ్ల దాకా మారు బేరానికి అమ్మారని వార్తలు వచ్చాయి. అవసరంలో అమ్ముకున్నవాడి నగ మార్వాడీ కొట్లో మెరిసినట్టు.

మొత్తం మీద ఒక దశాబ్దంలో కౌన్సిల్ సమాన వేతనం కింద చెల్లించినది 110 కోట్ల పౌండ్ల పైమాట. ఆ మొత్తంలో ఎంత భాగం మొదట్లోనే, చిన్న చిన్న జీతపు పెంపులుగా, ఎవరి గుండే ఆగకుండా ఇచ్చి ఉండవచ్చో!

ఇక్కడితో ఆగినా బాగుండేది. పాఠం ఖరీదైనదే అయినా నేర్చుకున్నారనుకునేవాళ్లం. కాని 2017 వేసవి వచ్చింది. చెత్తబండి వెనక నిలబడి భద్రత చూసే పనిని తీసేయబోతున్నారని కార్మికులు సమ్మెకు దిగారు. ఏడు వారాలు వీధుల్లో సంచులు గుట్టలు పడ్డాయి. కౌన్సిల్ నాయకుడు రాజీనామా చేశాడు. నవంబర్‌లో రాజీ కుదిరింది. ఆ కార్మికుల గ్రేడు నిలిచేలా కొత్త పేరుతో ఒక ఉద్యోగం పుట్టింది. పని ముగిసిందంటే, గంటలు నిండకపోయినా పూర్తి జీతంతో ఇంటికి పోయే పాత అలవాటూ చెత్త విభాగంలో అలాగే మిగిలింది. ఇటువైపు, ముసలివాళ్లను చూసుకునే ఆమెకు పని ముగియడం అన్నదే ఉండదు. ఆమె గడియారం చూసి వెళ్లిపోతే అక్కడ ఒక మనిషి ఒంటరిగా మిగిలిపోతాడు.

పాత పుండు మీద పెచ్చు కట్టకముందే అదే చోట మళ్లీ కోత పడింది. ఆ రాజీ సమాన వేతనం మెడకు చుట్టుకుంటుందన్న భయం అప్పటికే కొందరు అధికారుల్లో ఉంది. కాని వీధుల్లో కుళ్లు వాసన. ఎన్నికలు ఆరు నెలల దూరంలో. భయపడినవాళ్ల గొంతు చిన్నదైపోయింది.

*

2022 జులై 28 రాత్రి గురించి చెప్పాలి. చెప్పకుండా దాటిపోలేను.

ఆ రాత్రి బర్మింగ్‌హామ్‌లో కామన్వెల్త్ క్రీడలు మొదలయ్యాయి. స్టేడియంలోకి పది మీటర్ల ఎత్తున్న యంత్రపు ఎద్దు వచ్చింది. కళ్లు ఎర్రగా, ముక్కుల్లోంచి పొగ. దాన్ని గొలుసులతో లాగుకుంటూ వచ్చింది స్త్రీల గుంపు. వాళ్లు ఎవరికి ప్రతిరూపమంటే, ఆ ఊరికి దగ్గరలోని క్రాడ్లీ హీత్‌లో, పెరటి కొలుముల దగ్గర ఇనుప గొలుసులు కొట్టిన స్త్రీలకు. 1910లో మేరీ మకార్థర్ వెంట నిలబడి, పది వారాలు పని మానేసి, కనీస వేతనం సాధించుకున్న పేదరాళ్లకు. తక్కువ జీతానికి ఎక్కువ పని చేసిన ఆ నానమ్మలకు ఊరు ఊరంతా లేచి చప్పట్లు కొట్టింది.

ఆ చప్పట్లు మోగుతున్న సమయానికి ఆ ఊరి పద్దుపుస్తకాల్లో, తక్కువ జీతానికి పనిచేసిన వాళ్ల మనవరాళ్ల బాకీ నెలనెలా పెరుగుతూనే ఉంది. బయటికి బాణసంచా, లోపల కరి మింగిన వెలగపండు. ఆ లోపలి సంగతి సరిగ్గా లెక్కపెట్టే స్థితి కూడా అప్పటికి లేదు. జమాఖర్చుల కోసం ఆ ఏప్రిల్‌లోనే తెచ్చిన కొత్త కంప్యూటర్ వ్యవస్థ కుప్పకూలింది. దాదాపు 2 కోట్ల పౌండ్లలో అయిపోతుందనుకున్నది 10 కోట్లకు ఎగబాకింది. ఎవరికి ఎంత ఇవ్వాలో, ఎవరి దగ్గర నుంచి ఎంత రావాలో తెలియని ఇల్లు అయింది అది. పైనుంచి, 2010 తరువాతి పదమూడేళ్లలో కేంద్ర ప్రభుత్వం నుంచి వచ్చే నిధులు తగ్గి తగ్గి, తమకు 100 కోట్ల పౌండ్లకు పైగా కోత పడిందని కౌన్సిల్ మొత్తుకుంటూనే ఉంది. కాబట్టి ఊరు మునిగింది ఆడవాళ్ల జీతాల వల్లేనని ఎవరైనా అంటే నమ్మకండి. పడవకు చిల్లులు చాలా ఉన్నాయి. అయితే మునిగేటప్పుడు అందరి వేళ్లూ చూపించింది మాత్రం వాళ్లవైపే.

2023 జూన్‌లో కౌన్సిల్ అంకె బయటపెట్టింది. ఇవ్వాల్సిన బాకీ 65 నుంచి 76 కోట్ల పౌండ్లు. అది నెలకు 50 లక్షల నుంచి 1.4 కోట్ల దాకా పెరుగుతూ ఉంది. ఆ అంకె అంత పెద్దది కాదేమోనని, లెక్కలు తెలిసినవాళ్లు తరువాత వాదించారు. అప్పటికే గొడ్డలి లేచింది. సెప్టెంబర్ 5న పడింది.

*

తరువాతిది క్లుప్తంగా చెప్పుకుందాం. ఎక్కువసేపు చూడలేం.

లండన్‌లోని ప్రభుత్వం పంపిన కమిషనర్లు వచ్చి కూర్చున్నారు. 2024 మార్చిలో, రెండేళ్లలో 30 కోట్ల పౌండ్ల దాకా కోతలకు తీర్మానం అయింది. ఇంటిపన్ను ఆ ఏడు దాదాపు 10 శాతం, మరుసటి ఏడు 7.5 శాతం పెరిగింది. నాటకానికీ సంగీతానికీ ఇచ్చే సాయాన్ని రెండేళ్లలో పూర్తిగా ఆపేయాలన్నారు. వీధి దీపాలను మసకగా వెలిగించాలన్నారు. పేటల్లోని చిన్న గ్రంథాలయాల మీద కత్తి వేలాడింది. అంతకు దశాబ్దం ముందు, 2013లో, దాదాపు 19 కోట్ల పౌండ్లతో కట్టిన మహా గ్రంథాలయాన్ని మలాలా వచ్చి ప్రారంభించిన ఊరు అది.

కోతలు పడ్డది ఎవరి మీద? పేట గ్రంథాలయంలో వెచ్చగా కూర్చునే ముసలామె మీద. పిల్లాణ్ణి వదిలి పనికి పోవాల్సిన తల్లి మీద. మసక దీపాల కింద తెల్లవారుజామున బస్సు కోసం నిలబడే, గదులు తుడిచే ఆమె మీద. అంటే, మళ్లీ వాళ్ల మీదే. ఇన్నేళ్లూ జీతంలోంచి కోసుకున్న ఊరు, ఆ కోసిన బాకీ తీర్చేందుకు వాళ్ల వీధిలో దీపం కోసింది.

2024 చివరికి సంఘాలతో ఒప్పందం కుదిరింది. దాదాపు 6 వేల మందికి ఊరట. సమానత్వం వచ్చే దారి మాత్రం విచారంగానే ఉంది. ఆడవాళ్లను పైకి తెచ్చే డబ్బు చాలక, మగవాళ్లను కిందికి దించడం మొదలైంది. 2017లో రాజీకి పుట్టిన ఆ ఉద్యోగాన్నే తీసేస్తామన్నారు. 2025 మార్చి 11న చెత్త కార్మికులు పూర్తి సమ్మెకు దిగారు. నెలాఖరుకు వీధుల్లో 17 వేల టన్నుల చెత్త. ఎలుకలు. వాళ్లూ బీదవాళ్లే. ఆ జీతాన్ని లెక్కపెట్టుకునే ఇళ్లు కట్టుకున్నారు, పిల్లల్ని చదివించుకున్నారు. పక్కనే పనిచేసిన స్త్రీకి దక్కనిది తమకు దక్కిందని వాళ్లలో ఎంతమందికి తెలుసు? ఎవరో పెద్దలు పెట్టిన ఎక్కువ తక్కువలకు ఇటువాళ్లూ అటువాళ్లూ ఒకరి ఎదుట ఒకరు నిలబడవలసి వచ్చింది.

ఆ నగరం కూలిన ఏడాది చివర్లో, 2023 డిసెంబర్‌లో, మన ఆంధ్రప్రదేశ్‌లో అంగన్‌వాడీ అక్కలు రోడ్డెక్కారు. 42 రోజులు ఎండలోనూ చలిలోనూ కూర్చున్నారు. వాళ్లకు మనం ఇచ్చేదాన్ని జీతం అని కూడా అనం, గౌరవ వేతనం అంటాం. ఆ మాట విన్నప్పుడల్లా నాకు బర్మింగ్‌హామ్ గ్రేడుల పుస్తకం గుర్తొస్తుంది. అందులో కూడా కాగితం మీద గౌరవానికి లోటేమీ లేదు.

*

ఆ యంత్రపు ఎద్దు ఇప్పుడు ఎక్కడుందో చెప్పి ముగిస్తాను. క్రీడలు అయిపోయాక దాన్ని ముక్కలు చేసి పారేద్దామనుకున్నారు. జనం ఒప్పుకోలేదు. పారేయొద్దు, అది మనదే అన్నారు. బాగుచేయించి, 2023 జులై చివర్లో న్యూ స్ట్రీట్ రైల్వే స్టేషన్‌లో నిలబెట్టారు. ఆరు వారాలు తిరగకముందే నోటీసు వచ్చింది.

ఎద్దు అక్కడే ఉంది. తల ఊపుతుంది, కళ్లు తిప్పుతుంది, పిల్లలు దాని ముందు నిలబడి ఫొటోలు దిగుతారు. ఆ రాత్రి దాన్ని లాగుకొచ్చిన గొలుసులు మాత్రం లేవు, ఆ స్త్రీలూ లేరు. తెల్లవారుజామున మొదటి రైలు వచ్చేసరికి, ఎవరో ఒకామె దాని కాళ్ల కింద నేల తుడిచి, బకెట్టు పట్టుకుని వెళ్లిపోయి ఉంటుంది.